ఆఫీసు నడిచిన దారి

పొద్దున్నే టార్పాలిన్ చుట్ట చంకన పెట్టుకుని, గొలుసులున్న గోనెసంచి భుజాన వేసుకుని, ఆఫీసు ఎక్కడుందో చూడ్డానికి బయల్దేరుతుంది స్టాండక్క. కొంతమంది లేవగానే వానొస్తుందేమోనని ఆకాశం వంక చూస్తారు. ఆవిడ వీధి మలుపు దాకా వెళ్ళి, పసుపు రంగు మేడ నిన్నటికన్నా ఎంత ముందుకి పోయిందో చూస్తుంది. కొంచెమే జరిగితే తాళ్ళు సర్దుకుంటే చాలు. ఎక్కువ జరిగితే సైకిల్ స్టాండు గుంజలు పీకి, మళ్ళీ గోతులు తీసి పాతి, పైన టార్పాలిన్ కట్టాలి. ఆఫీసుకి వచ్చేవాళ్ళు సైకిళ్ళూ స్కూటర్లూ ఆవిడ దగ్గరే వదిలి లోపలికి వెళ్తారు. సీటు మీద సుద్దతో నంబరు వేసి, అదే నంబరున్న రేకు బిళ్ళ చేతిలో పెడుతుంది. బిళ్ళ పోగొట్టుకున్నవాడికి అందరి బళ్ళూ వెళ్ళిపోయేదాకా వాడి బండి ఇవ్వదు. కాళ్ళావేళ్ళా పడినా ఇవ్వదు. ఆ విషయంలో ఆవిడ ఆఫీసుకన్నా గట్టిది.

ఆ మేడలో లేబర్ ఆఫీసు, భూముల ఆఫీసు, మునిసిపల్ ఆఫీసు అన్నీ ఉన్నాయి. ఏ పని పడ్డా అక్కడికే వెళ్ళాలి కాబట్టి ఊళ్ళో అందరూ దాన్ని ఉత్తినే ఆఫీసు అంటారు. అది ఎప్పుడు కదలడం మొదలుపెట్టిందో ఎవరూ సరిగ్గా చెప్పలేరు. ప్లాస్టిక్ కుర్చీల కంపెనీ ఊరి అవతలి కొసన గేటు కట్టిన ఏడాదే కదిలిందని స్టాండక్క మొగుడు అంటాడు. ఆయన ఆ గేటు దగ్గరే వాచ్‌మన్. తన పెళ్ళి ఏ సంవత్సరం జరిగిందో తడుముకుంటాడు గానీ, గేటు పెట్టిన రోజు ఏ వారమో కూడా చెబుతాడు.

ఆఫీసు కదిలేది మధ్యాహ్నం భోజనాలయ్యాక, ఫ్యాన్ల కింద అందరికీ కళ్ళు మూతలు పడే వేళ. లోపలున్నవాళ్ళకి తెలిసేది కాదు. గ్లాసులో టీ కూడా తొణికేది కాదు. పని కోసం వచ్చి నిలబడ్డవాళ్ళు కిటికీలోంచి చూస్తే మాత్రం, ఎదురుగా ఉన్న మంగలి షాపు కాస్త వెనక్కి పోయినట్టు ఉండేది. మేడ వెనకాల నాగలి పోయినట్టు తడిమట్టి చాలు పడేది. రోడ్ల వాళ్ళు వచ్చి ఆ చాలు పూడ్చేవాళ్ళు. కరెంటు వాళ్ళు తీగ పొడిగించేవాళ్ళు. కుళాయిల వాళ్ళు గొట్టానికి ఇంకో ముక్క అతికేవాళ్ళు. పోస్టుమాన్ ఒక్కడే సణుక్కునేవాడు, అదీ ఎండాకాలంలోనే.

మొదట్లో ఊరంతా సంబరపడింది. ఆఫీసు తమ వీధికే వస్తోందని ప్రతి వీధివాళ్ళూ అనుకున్నారు. వస్తే దీపాలు వస్తాయి, మంచి రోడ్డు వస్తుంది, ఇళ్ళకి గిరాకీ పెరుగుతుంది అని లెక్కలు వేసుకున్నారు. దారికి అడ్డంగా ఉన్న చెట్లు కొట్టేశారు, అరుగులు పగలగొట్టారు. ఒక వీధివాళ్ళు మరీ ముందుకు పోయి, మలుపు తిరగడానికి మేడకి ఇబ్బంది అవుతుందని మూలనున్న బడి గోడ తీసేశారు. కౌన్సిలరు ప్రతి వీధికీ వచ్చి, మీ త్యాగం ఊరికే పోదని చెప్పి వెళ్ళేవాడు. తన వీధి వంతు వచ్చినప్పుడు స్టాండక్క కూడా ఇంటి ముందు గది తీసేసింది. గునపం పట్టింది ఆవిడే. ఆఫీసు గుమ్మం ముందే ఉంటే ఇక టార్పాలిన్ మోసే పని ఉండదని ఆవిడ ఆశ.

నిజంగానే ఆఫీసు ఆ వీధిలో కొన్నాళ్ళు ఆగింది. మేడమెట్లు సరిగ్గా స్టాండక్క గుమ్మానికి ఎదురుగా ఉండేవి. వంటింట్లో కూర్చుంటే లేబర్ ఆఫీసరు దగ్గు వినపడేది. వీధివాళ్ళంతా గర్వంగా ఉండేవాళ్ళు. పక్క వీధి చుట్టాలు వస్తే కిటికీ తెరిచి మరీ చూపించేవాళ్ళు. తర్వాత ఒక మధ్యాహ్నం ఎవరి మానాన వాళ్ళు నిద్రపోయి లేచేసరికి మేడ వీధి దాటేసింది. ముందు గది మాత్రం తిరిగి రాలేదు. ఎండ నేరుగా మంచం మీద పడుతోంటే, "ఇల్లు కాల్చి బొగ్గులమ్ముకున్నట్టయింది మన పని," అన్నాడు మొగుడు. బొగ్గులన్నా మిగల్లేదని ఆవిడ కసిరింది.

ఆవిడ చెల్లెలి కేసు మొదలైంది ఆ రోజుల్లోనే.

చెల్లెలు కంపెనీ ప్యాకింగ్ గదిలో పని చేసేది. కుర్చీలు ఒకదాన్లో ఒకటి దిగేసి, పైన ప్లాస్టిక్ కవరు తొడిగి, అంచులు వేడి మిషనుతో అతికించే పని. మొగుణ్ణి వదిలేసి వచ్చి అక్క ఇంట్లో ఉంటోంది. ఆ సంగతి ఎవరైనా ఎత్తితే, "వాడు నన్ను కూర్చోమన్న చోట కూర్చోలేదని గొడవ. ఇక్కడ రోజంతా కుర్చీలే, ఒక్కదాన్లోనూ కూర్చోనివ్వరు," అని నవ్వేసేది. ఆడవాళ్ళు మాటిమాటికీ బయటికి పోతున్నారని, షిఫ్టు మొదలవగానే ప్యాకింగ్ గదికి బయటి నుంచి తాళం వేసేవాళ్ళు. ఒకరోజు వేడి మిషను కాలి గదంతా నల్లటి పొగ కమ్మింది. సూపర్‌వైజరు తాళంచెవి జేబులో వేసుకుని టీకి వెళ్ళాడు. ఎంత కొట్టినా తలుపు ఎవరూ తీయలేదు. చెల్లెలు తూకపు రాయి రెండు చేతులా ఎత్తి తలుపు చెక్క బద్దలుకొట్టింది. ఆడవాళ్ళంతా దగ్గుతూ బయటపడ్డారు. కాసేపటికి మిషను దానంతటదే చల్లారిపోయింది.

చల్లారిపోవడమే ఆమె కొంప ముంచింది. ప్రమాదమే లేనప్పుడు తలుపు ఎందుకు పగలగొట్టావని కంపెనీ అడిగింది. కంపెనీ ఆస్తి ధ్వంసం చేసినందుకు పనిలోంచి తీసేసింది. ఆ తలుపులోంచి ప్రాణాలతో బయటికొచ్చిన వాళ్ళెవరూ ఆ తర్వాత తలుపు ఊసెత్తలేదు. వాళ్ళకీ ఇళ్ళున్నాయి. కానీ ఆమెకి చాటుగా 'తలుపుపిల్ల' అని పేరు పెట్టుకున్నారు, అందులో కాస్త ప్రేమ కూడా ఉంది. కంపెనీ పాత చెక్క తలుపు స్థానంలో ఇనుప తలుపు పెట్టింది.

చెల్లెలికి ఆ పని మళ్ళీ కావాలి. ఇంకో పని చూసుకోమని చెప్పడం తేలికే. ఊళ్ళో కంపెనీ వద్దన్న మనిషిని బట్టల కొట్టువాడు కూడా పెట్టుకోడు. కొట్టుకొచ్చే జనమంతా కంపెనీ జనమే. తప్పు చేయలేదని ఆఫీసు చెబితే గానీ ఆమెకి ఎక్కడా నిలువ నీడ లేదు. చెప్పాల్సింది లేబర్ ఆఫీసరు. ఆయన మాట మీద కంపెనీ ఆమెని వెనక్కి తీసుకోక తప్పదు, చట్టంలో అలా ఉంది. అందుకని ఆమె కేసు వేసింది.

లేబర్ ఆఫీసరు చెడ్డవాడు కాదు. మెడకి తడిరుమాలు చుట్టుకుని, ఎవరొచ్చినా కూర్చోమనేవాడు. గదిలో పాత చెక్క కుర్చీలు పోయి కంపెనీ ఇచ్చిన ప్లాస్టిక్ కుర్చీలు వచ్చాయి, చెల్లెలు కూర్చునేది వాటిలోనే. తిరగేసి అడుగున చూసి, ఇది తన షిఫ్టులో ప్యాక్ అయిందో లేదో చెప్పేసేది. మొదటి వాయిదాకి కంపెనీ లాయరు రాలేదు. ఆఫీసు కంపెనీకి దూరంగా ఉంది కాబట్టి రావడం కష్టంగా ఉందని కబురు పంపాడు. ఆఫీసరు ఇంకో తేదీ వేశాడు. రెండో వాయిదాకి ఆఫీసు కాస్త దగ్గరైంది, లాయరు వచ్చాడు గానీ కాగితాలు కంపెనీలోనే మర్చిపోయాడు. ఇంకోసారి కాగితాలు వచ్చాయి, ఆఫీసరు మీటింగుకి వెళ్ళాడు. ఇలా వాయిదా వాయిదాకీ మేడ నడుస్తూనే ఉంది. పోయిన వాయిదా నాటికి పాల డిపో దగ్గరుంటే ఈ వాయిదాకి సినిమా హాలు దగ్గరుండేది. అక్కాచెల్లెళ్ళకి దారి పొడుగైంది. లాయరుకి దగ్గరైంది. ఆయన చెమట పట్టకుండా రావడం చూసి, "ఈయన వయసు తగ్గుతోందేంటక్కా?" అనేది చెల్లెలు.

ఆఫీసు సినిమా హాలు దాటి, నేరుగా కంపెనీ రోడ్డెక్కాక స్టాండక్కకి మొదటిసారి భయం వేసింది. లారీ చక్రం కింద పెట్టినట్టు మెట్ల కింద ఓ సిమెంటు దిమ్మ పెట్టి చూసింది. మర్నాటికి దిమ్మ పిండి అయిపోయింది. రోడ్డుకి అడ్డంగా రాళ్ళు ఎవరు వేశారని రోడ్ల వాళ్ళు కేకలేశారు. అప్పుడు కౌన్సిలరు దగ్గరికి వెళ్ళింది.

కౌన్సిలరు ఆవిణ్ణి కూర్చోబెట్టి, మంచినీళ్ళిప్పించి, ఓపిగ్గా విన్నాడు. ఓట్ల ముందు కాకపోయినా విన్నాడంటే గొప్పే. విన్నాక, ప్రజల సౌకర్యం కోసం నడిచే ఆఫీసుని ఆపమని ఎలా చెప్పనని అడిగాడు.

"మరి మేం ప్రజలం కాదా బాబూ?" అంది స్టాండక్క.

"ఎందుక్కాదమ్మా, మీరూ ప్రజలే. కాకపోతే కంపెనీ ప్రజలు ఎక్కువ. రోజూ ఆఫీసుతో పనులు వాళ్ళకి ఎక్కువ. నీకు ఏడాదికి ఒక్క పని పడుతుంది, దానికోసం ఇంత పెద్ద మేడని నీ గుమ్మం ముందు కట్టేసుకుంటానంటే ఎలా?"

ఆవిడ తన ముందు గది సంగతి ఎత్తింది. ఆ త్యాగం తనకి గుర్తుందని కౌన్సిలరు చేతులు జోడించాడు. ఆయన కూర్చున్న కుర్చీ కూడా ప్లాస్టిక్‌దేనని లేచి వస్తూ గమనించింది.

ఆ రోజు మధ్యాహ్నం భోజనానికి ఇంటికొచ్చిన మొగుడు ముద్ద కలుపుతూ, ఎటో చూస్తూ, కంపెనీ గేటు వెడల్పు చేస్తున్నారని చెప్పాడు. లారీల కోసమా అని ఆవిడ అడిగింది. లారీలు ఇప్పుడూ పడుతున్నాయిగా అన్నాడు.

"ఎంత వెడల్పు చేస్తున్నారు?"

ఆయన కంచంలోకి చూస్తూ, "మేడ పట్టేంత," అన్నాడు.

చెల్లెలు తింటున్నదల్లా చెయ్యి కడిగేసుకుంది. ఇద్దరూ చెప్పుల్లో కాళ్ళు పెట్టుకుని ఆఫీసుకి పరిగెత్తారు. లేబర్ ఆఫీసరు అప్పుడే టిఫిను డబ్బా మూత పెడుతున్నాడు. వాళ్ళని చూసి, గదిలో ఎవరూ లేరని నిర్ధారించుకుని, గొంతు తగ్గించాడు. ఆర్డరు రాయడం అయిపోయిందని, చెల్లెలి వైపే రాశానని చెప్పాడు. ఆమె రెండు చేతులూ నోటికి అడ్డం పెట్టుకుంది. అయితే రెండు పక్షాల ముందూ చదివి, సంతకం పెడితేనే అది ఆర్డరు. అప్పటిదాకా ఉత్త కాగితం. రేపే చదివెయ్యమని స్టాండక్క బతిమాలింది. కంపెనీకి ముందుగా కబురు వెళ్ళాలి, గడువు ఇవ్వాలి, అది తన చేతిలో లేదన్నాడు.

"పోనీ ఆఫీసుని కాస్త నెమ్మదిగా నడవమని చెప్పరాదా సార్?"

ఆయన దగ్గి, రుమాలు సర్దుకుని, "నేనూ ఇందులో కూర్చునేవాణ్ణేనమ్మా. నడిపేవాణ్ణి కాదు," అన్నాడు.

వాయిదా రోజు వచ్చేనాటికి మేడకీ గేటుకీ మధ్య ఒక లారీ పట్టేంత జాగా మిగిలింది. పొద్దున్నే చదివేస్తే సరిపోతుంది. చెల్లెలు పెట్టెలోంచి ఇస్త్రీ చీర తీసి కట్టుకుంది. పన్లో చేరిన మొదటి రోజు కట్టుకున్నది కూడా అదేనని చెప్పి, మళ్ళీ తనే, ఇలాంటివి నమ్మితే కంపెనీ వాళ్ళ లారీలకి కట్టే నిమ్మకాయలంత పనికొస్తాయని ఎగతాళి చేసుకుంది. స్టాండక్క గుంజలు గేటు పక్కనే పాతింది. ఇక పాతడానికి అంతకన్నా ముందుకి చోటు లేదు.

లాయరు పొద్దున రాలేదు. పదడుగులు నడిస్తే చాలు, గేటు అవతల చెట్టునీడన ఆయన కారు కనపడుతూనే ఉంది. కాసేపట్లో వస్తున్నారని కబురొచ్చింది. ఆ కాసేపు భోజనాల వేళ దాకా సాగింది. లోపల చెల్లెలు కుర్చీ అంచున కూర్చుని, ఆఫీసరు వంక చూస్తోంది. ఆఫీసరు కిటికీ వంక చూస్తున్నాడు. భోజనాలయ్యాక లాయరు వచ్చి, ఆలస్యానికి క్షమించమన్నాడు. బయట ఎండ బాగా ఉందని కూడా అన్నాడు.

ఆఫీసరు కాగితం తీసి చదవడం మొదలుపెట్టాడు. సరిగ్గా అప్పుడే మేడ కదిలింది.

బయట స్టాండక్క చూస్తూనే ఉంది. మేడమెట్లు గేటు గడపని తాకాయి. మొగుడు గేటు రెండు రెక్కలూ బార్లా తెరిచి, టోపీ సరిచేసుకుని, పక్కన నిటారుగా నిలబడ్డాడు. ఆవిడ సుద్దముక్క పారేసి ఆయన దగ్గరికి పరిగెత్తింది.

"గేటు మూసెయ్యి. కాసేపు మూస్తే చాలు, లోపల చదువుతున్నారు."

"నా చేతిలో ఏముందే?"

"తాళం నీ చేతిలోనే ఉందిగా."

"తాళం నా చేతిలో ఉంది. నేను వాళ్ళ చేతిలో ఉన్నాను," అన్నాడాయన, పెదవులు కదపకుండా. కాస్త దూరంలో సెక్యూరిటీ సూపర్‌వైజరు గొడుగు కింద నిలబడి చూస్తున్నాడు.

ఆవిడ వెనక్కి వెళ్ళి మేడ ముందు గోడకి వీపు ఆనించి, కాళ్ళు నేలకి తన్నిపెట్టి ఆపబోయింది. గోడ వెచ్చగా ఉంది. తోసేసినట్టేం లేదు, మంచం మీద పడుకున్న పెద్దమనిషి పక్కకి ఒత్తిగిలినట్టు నెమ్మదిగా జరిగింది. ఆవిడ చెప్పులు మట్టిలో రెండు గీతలు గీశాయి. సైకిళ్ళ కోసం వచ్చినవాళ్ళు బిళ్ళలు చేతిలో పట్టుకుని, ఆవిడ ఖాళీ అయ్యేదాకా మర్యాదగా ఆగారు.

లోపల ఆఫీసరు గొంతు వణక్కుండా చదువుతున్నాడు. కార్మికురాలు తలుపు పగలగొట్టిన మాట నిజమేనని, అయితే ఆ పని తన ప్రాణాన్నీ తోటివారి ప్రాణాల్నీ కాపాడ్డానికి చేసిందేనని, అందులో తప్పు పట్టడానికి ఏమీ లేదని చదివాడు. చెల్లెలు ఏడవలేదు. ఆ మాట ఎవరైనా గట్టిగా చదివితే ఎలా ఉంటుందో ఇన్నాళ్ళూ అనుకుంటూనే ఉంది, అలాగే ఉంది. "కావున ఆమెను తిరిగి," అని ఆయన చదివేసరికి గదిలో వెలుగు మారింది. కిటికీ పక్క నుంచి గేటు స్తంభం మెల్లగా వెనక్కి పోయింది. తర్వాత కంపెనీ గోడౌను కనపడింది.

ఆఫీసరు ఆగిపోయాడు.

లాయరు కిటికీలోంచి చూసి, కోటు గుండీ పెట్టుకుని, లేచి నిలబడ్డాడు. మనమిప్పుడు కంపెనీ స్థలంలో ఉన్నామని, ప్రైవేటు స్థలంలో విచారణ జరపాలంటే యజమాని అనుమతి ఉండాలని, ఈ సంగతి సార్‌కి తెలియంది కాదని వినయంగా చెప్పాడు. ఆఫీసరు అవునన్నట్టు తలాడించాడు. అనుమతి కోసం రాస్తానన్నాడు. తప్పకుండా ఇస్తారని, ప్రస్తుతం మేనేజరు గారు ఊళ్ళో లేరని లాయరు చెప్పాడు.

"ఒక్క మాటే కదా సార్ మిగిలింది," అంది చెల్లెలు. "చదివెయ్యండి."

"ఒక్క మాటేనమ్మా," అన్నాడు ఆఫీసరు. కాగితాన్ని బల్లమీద తిన్నగా పెట్టి, ఎగిరిపోకుండా దానిమీద గాజు గుండు ఉంచాడు. "కానీ అన్నీ దాని మీదే ఉన్నాయి."

ఆ సాయంత్రం మేడలో చిక్కుకున్న జనాన్నందరినీ కంపెనీ మర్యాదగా బయటికి పంపింది. వరసలో నిలబెట్టి, పేరడిగి, ఒక్కొక్కరికీ బయటికి పోయే చీటీతో పాటు చిన్న ప్లాస్టిక్ పీట ఇచ్చింది. చెల్లెలి వంతు వచ్చినప్పుడు సెక్యూరిటీ సూపర్‌వైజరు పేరు విని చీటీ రాయడం ఆపేశాడు. ఆమెని పనిలోంచి తీసేశారు. తీసేసినవాళ్ళు కంపెనీ లోపల ఉండడానికి వీల్లేదు కాబట్టి ఆమె లోపల లేదు. లోపల లేని మనిషికి బయటికి పోయే చీటీ ఎలా రాస్తాడు? ఆమె తన మరదలని స్టాండక్క మొగుడు నసిగాడు. అందుకే మరీ జాగ్రత్తగా ఉండాలన్నాడు సూపర్‌వైజరు. ఆయన కూడా కోపంగా ఏమీ అనలేదు. మేనేజరు గారు వచ్చేదాకా ఆగమన్నాడు, అంతే.

స్టాండక్క పోలీసు స్టేషనుకి వెళ్ళింది. మనిషిని పట్టుకెళ్తే కేసు రాస్తాం గానీ, ఆఫీసే తీసుకెళ్తే ఎవరి మీద రాయమంటావని అక్కడి హెడ్డు అడిగాడు. నిజమైన సందేహమే, ఎగతాళి కాదు. మునిసిపల్ ఆఫీసులో అర్జీ పెట్టమన్నాడు. మునిసిపల్ ఆఫీసు ఆ మేడ పైఅంతస్తులో ఉంది. గేటు దగ్గరికి వస్తే, లోపలికి పోవడానికి పాసు కావాలన్నారు. పాసు ఎక్కడిస్తారంటే, లోపల ఆఫీసులో. ఆవిడ కౌన్సిలరు కోసం చూసింది. ఆయన ఇప్పుడు లోపలే కూర్చుంటున్నాడట, ప్రజలకి దగ్గరగా.

చెల్లెలు మొదట్లో మేడ వరండాలో కూర్చునేది. కూర్చోబెట్టి క్యాంటీనులో భోజనం పెడుతున్నారని ఆమెకే సిగ్గేసింది. ప్యాకింగ్ గదిలో చేతులు తక్కువగా ఉన్నాయని తెలిసి, ఊరికే కూర్చోడం ఎందుకని ఒకరోజు వెళ్ళి నాలుగు కుర్చీలకి కవరు తొడిగింది. వద్దని ఎవరూ అనలేదు. మర్నాడు బెల్లు కొట్టగానే అందరితో పాటు వెళ్ళింది. పాతవాళ్ళు జరిగి చోటిచ్చారు. ఒకామె మాత్రం ఆమె చెయ్యి పట్టుకుని చాలాసేపు వదల్లేదు. సాయంత్రాలు మేడ వైపు వెళ్ళి లేబర్ ఆఫీసరు గది గుమ్మంలో నిలబడేది. కాగితం అలాగే ఉందని ఆయన గాజు గుండు ఎత్తి చూపించేవాడు. అనుమతి ఇంకా రాలేదనేవాడు. ఆయన మెడకి ఇప్పుడు రుమాలు లేదు, కంపెనీ ఏసీ పెట్టించింది.

ఊళ్ళో మాత్రం ఆమెకి ఉద్యోగం మళ్ళీ వచ్చిందనే చెప్పుకున్నారు. పోరాడితే ఏదైనా సాధ్యమేనని మంగలి షాపులో ఎవరో అన్నారట. స్టాండక్కని దార్లో ఆపి, మొత్తానికి గెలిచారే అని పలకరించేవాళ్ళు. మొదట ఆవిడ విడమరిచి చెప్పేది. విన్నవాళ్ళు అంతా విని, అయితే పని చేస్తున్నట్టే కదా అనేవాళ్ళు. ఆవిడ చెప్పడం మానేసింది. స్టాండు కూడా ఎత్తేసింది. పాసులున్నవాళ్ళ బళ్ళు లోపలే పెట్టుకుంటారు, పాసుల్లేనివాళ్ళు రావడం మానుకున్నారు.

మధ్యాహ్నం బెల్లుకి మాత్రం రోజూ గేటు దగ్గరికి వెళ్ళేది. భోజనం డబ్బా తీసుకెళ్ళినా లోపలికి పంపనివ్వరు గనక ఉత్త చేతులతోనే వెళ్ళేది. ఒకరోజు చెల్లెలు గేటు చువ్వల దగ్గరికి వచ్చింది. చేతివేళ్ళ చివర్లు వేడి మిషను వల్ల మళ్ళీ ఎర్రబడ్డాయి. చిక్కిందేమోనని చూసింది అక్క. చిక్కలేదు, కాస్త ఒళ్ళు కూడా చేసింది.

జీతం సంగతి ఏమైనా అన్నారా అని అడిగింది.

"పేరే లేదు, జీతం ఎవరికిస్తారక్కా?" అంది చెల్లెలు. "రోజూ హాజరు పిలుస్తారు. నా పేరు రాదు. అందరూ పలికాక నేనూ లోపలికి పోతాను."

"ఎన్నాళ్ళే ఇలా?"

"ఆ ఒక్క మాటా చదివేదాకా." చువ్వ మీద నుదురు ఆనించి కాసేపు నిలబడింది. తర్వాత ఏదో తట్టినట్టు తలెత్తి నవ్వింది, ఇంట్లో నవ్వే నవ్వే. "ఒకటి మాత్రం నిజం. ఇంక నన్ను ఎవరూ పనిలోంచి తీసెయ్యలేరు. లేనిదాన్ని ఎలా తీస్తారు?"

అక్కకి నవ్వు రాలేదు. చువ్వల మధ్య నుంచి చెయ్యి పెట్టి, ఆమె చెంప మీద అంటుకున్న ప్లాస్టిక్ పేలిక తీసింది. బెల్లు కొట్టారు. చెల్లెలు వెనక్కి తిరిగి, మిగతా ఆడవాళ్ళలో కలిసిపోయింది. అందరివీ ఒకే రంగు బట్టలు. కాసేపటికి ఏది తన చెల్లెలి వీపో ఆవిడకి తెలియలేదు. అయినా చూస్తూ నిలబడింది.

గేటు లోపల గొడుగు కింద నుంచి సూపర్‌వైజరు ఇటు చూశాడు. స్టాండక్క మొగుడు గొంతు సవరించుకున్నాడు. పెళ్ళయినప్పటి నుంచీ ఆవిణ్ణి ఏమే, ఒసేయ్ అని తప్ప పిలిచి ఎరగడు.

"గేటు ముందు నిలబడకూడదండీ," అన్నాడు. "కాస్త పక్కకి జరగండమ్మా."

ఆవిడ జరిగింది.